మంచు కోసం పడిగాపులు: చర్చిల్ తీరపు ఎలుగుల లెక్క

అక్టోబరు మూడో వారం దాటిందంటే, కెనడాలోని మానిటోబా రాష్ట్రపు ఉత్తర కొసన, హడ్సన్ అఖాతపు ఒడ్డున ఉన్న చర్చిల్ అనే చిన్న ఊరు సందర్శకులతో నిండిపోతుంది. 2021 జనాభా లెక్కల ప్రకారం ఆ ఊరి జనం 870 మంది. బయటి ప్రపంచం నుంచి అక్కడికి రోడ్డు లేదు. విమానమెక్కాలి, లేదా విన్నిపెగ్‌లో రైలెక్కి రెండు రాత్రులు ప్రయాణించాలి. ఇంత ఖర్చుకూ శ్రమకూ ఓర్చి జనం వెళ్ళేది ధ్రువపు ఎలుగులను చూడడానికి. భారీ చక్రాల మీద ఎత్తుగా కట్టిన వాహనాలలో కూర్చుని, కిటికీ కిందికి వచ్చి ముక్కు పైకెత్తి వాసన చూసే ఎలుగును ఫొటో తీసుకుని తిరిగివచ్చినవారికి ఒక సందేహం కలగడం సహజం: ఇన్ని ఎలుగులు ఇంత చేరువలో కనిపిస్తుంటే, ఈ జంతువు అంతరించిపోతోందన్న మాటలో ఎంత నిజముంది? ఈ సందేహాన్ని అజ్ఞానమని కొట్టిపారేయడం నాకు సబబుగా తోచదు. ఎందుకంటే అదే తీరాన ఇంకా ఉత్తరంగా తరతరాలుగా ఎలుగులతో కలిసి బతుకుతున్న ఇన్యుయిట్ ప్రజలు కూడా, తమ అనుభవం ఆధారంగా, దాదాపు ఇదే ప్రశ్న అడుగుతున్నారు. జవాబు తెలియాలంటే అన్నిటికంటే ముందు ఎలుగులు అక్కడ ఏం చేస్తున్నాయో తెలియాలి. అవి అక్కడ కాపురం ఉండడం లేదు. పడిగాపులు కాస్తున్నాయి.

చర్చిల్ నిజానికి ఆర్కిటిక్ వలయానికి చాలా దక్షిణాన ఉంది. దాని అక్షాంశం 59 డిగ్రీలకు కాస్త తక్కువ, అంటే స్వీడన్ రాజధాని స్టాక్‌హోమ్ కంటే కూడా కొంచెం కిందికే. అయినా శీతాకాలంలో హడ్సన్ అఖాతం ఈ ఒడ్డు నుంచి ఆ ఒడ్డు దాకా గడ్డకడుతుంది, వేసవిలో పూర్తిగా కరిగిపోతుంది. ఉత్తర ధ్రువానికి దగ్గరగా ఉండే సముద్రాలలో వేసవిలోనూ ఎక్కడో ఒకచోట మంచు మిగులుతుంది. ఎలుగులు దానితోపాటు ఉత్తరానికి జరిగిపోవచ్చు. హడ్సన్ అఖాతంలో ఆ అవకాశం లేదు. ఆఖరి మంచుపలకలు అఖాతపు దక్షిణ భాగంలో కరిగే వేళకు, వాటి మీద చివరిదాకా వేటాడిన ఎలుగులు మానిటోబా, ఒంటారియో తీరాల్లో గట్టెక్కుతాయి. అక్కడి నుంచి శరదృతువులో నెమ్మదిగా తీరం వెంబడి ఉత్తరానికి నడుస్తాయి.

అవి చర్చిల్ వైపే రావడానికి కారణం ఊరు కాదు, నది. సముద్రపు నీరు గడ్డకట్టాలంటే ఉష్ణోగ్రత సున్నాకు దిగువన దాదాపు 1.8 డిగ్రీలకు పడిపోవాలి. మంచినీటికి సున్నా చాలు. చర్చిల్ నది తెచ్చి పోసే మంచినీరు తీరం దగ్గర ఉప్పు సాంద్రతను తగ్గిస్తుంది గనుక అక్కడ ముందుగా మంచు కడుతుంది. అఖాతంలోని ప్రవాహాలు గడియారపు ముల్లుకు ఎదురు దిశలో తిరుగుతూ, వాయవ్య గాలులతో కలిసి, ఉత్తరాన ఏర్పడిన మంచును ఈ ఒడ్డుకే నెట్టుకొస్తాయి. అఖాతంలో మంచు ముందుగా నిలిచే చోట్లలో ఇది ఒకటి. నవంబరులో ఆ మంచు బరువు మోయగలిగేటంత గట్టిపడగానే, కొద్ది రోజుల్లోనే, ఎలుగుల్లో చాలా భాగం దాని మీదుగా వెళ్ళిపోతాయి. అంటే సందర్శకులు చూసే దృశ్యం ఒక సమృద్ధికి గుర్తు కాదు. నెలల తరబడి సరైన తిండి లేని జంతువులు తలుపు తెరుచుకునే చోటికి చేరి నిలబడడమే ఆ దృశ్యం. మంచు ఆలస్యమైన ఏడాది అవి ఒడ్డున ఇంకా ఎక్కువ రోజులు ఉంటాయి, ఇంకా ఎక్కువగా కనిపిస్తాయి.

ధ్రువపు ఎలుగు బతుకు సీల్ అనే సముద్ర జంతువు కొవ్వు మీద ఆధారపడి ఉంది. ముఖ్యంగా రింగ్డ్ సీల్, ఆ తరువాత గడ్డపు సీల్. ఈత వచ్చినా, నీళ్ళలో సీల్‌ను తరిమి పట్టుకునే వేగం ఎలుగుకు లేదు. మంచులో సీల్ ఊపిరి పీల్చుకోవడానికి చేసుకున్న కన్నం దగ్గర గంటల కొద్దీ కదలకుండా కాపు కాసి, తల పైకి రాగానే లాగడం దాని పద్ధతి. కాబట్టి మంచు దానికి నేల మాత్రమే కాదు, వేట సాధనం కూడా. సంవత్సరమంతా ఈ వేట ఒకే రీతిగా సాగదు. ఏప్రిల్ నుంచి జూన్ దాకా, అప్పుడే పాలు మాని, ఒంట్లో సగం దాకా కొవ్వే ఉండి, ఎలుగంటే ఏమిటో ఇంకా తెలియని సీల్ పిల్లలు మంచు మీద దొరుకుతాయి. ఆ కొద్ది వారాల్లో తిన్నదే ఎలుగుకు ఏడాది పొడుగునా గ్రాసం. బాగా దొరికిన రోజుల్లో అది కొవ్వు మాత్రం తిని మాంసం వదిలేస్తుంది. మిగిలిన దానితో ధ్రువపు నక్కలు బతుకుతాయి.

ఇక్కడే అసలు చిక్కు ఉంది. మంచు ఒక వారం ముందు కరిగితే పోయేది ఏదో ఒక వారం కాదు, ఆ పండుగ వారాల్లోని ఒక వారం. రైతుకు కోతల కాలంలో కురిసిన వాన ఎలాంటిదో, ఎలుగుకు జూన్‌లో కరిగిన మంచు అలాంటిది. పశ్చిమ హడ్సన్ అఖాతంలో మంచు లేని కాలం 1980ల నాటి కంటే ఇప్పుడు మూడు వారాలకు పైగా పెరిగింది. ఎలుగులు ఏటా సుమారు 130 రోజులు నేల మీద గడుపుతున్నాయి. నేల మీద ఉన్నన్నాళ్ళూ ఒక్కొక్క ఎలుగు రోజుకు దాదాపు కిలో చొప్పున బరువు తగ్గుతుంది. నష్టం రెండు వైపులా జరుగుతోందన్నమాట: కూడబెట్టే రోజులు తగ్గాయి, ఖర్చు పెట్టే రోజులు పెరిగాయి.

నేల మీద వేరే తిండి తినవచ్చు కదా అన్నది తరచుగా వినిపించే వాదన. చర్చిల్ చుట్టూ ఉన్న టండ్రాలో మంచు బాతుల గుడ్లున్నాయి, బెర్రీ పండ్లున్నాయి, కారిబూ అనే దుప్పులున్నాయి, ఒడ్డుకు కొట్టుకొచ్చిన బెలూగా తిమింగలాల కళేబరాలు అప్పుడప్పుడు ఉంటాయి. ఎలుగులు వీటిని తింటాయన్నది నిజమే. ప్రశ్న అవి తింటాయా అని కాదు, తిన్నది చాలుతుందా అని. 2024 ఫిబ్రవరిలో ప్రచురితమైన ఒక అధ్యయనంలో ఇక్కడి 20 ఎలుగుల మెడలకు వీడియో కెమెరాలున్న పట్టీలు కట్టి మూడు వారాలపాటు గమనించారు. కొన్ని కదలకుండా పడుకుని, శీతనిద్రలో ఉన్నంత పొదుపుగా శక్తిని వాడుకున్నాయి. కొన్ని పండ్లూ పక్షులూ తింటూ తిరిగాయి. కొన్ని ఎంతో దూరం ఈదాయి. పద్ధతి ఏదైనా ఫలితం ఒకటే అయింది: 20 ఎలుగుల్లో 19 బరువు తగ్గాయి. తిరిగి సంపాదించుకున్నది తిరుగుడుకే సరిపోయింది. నీళ్ళలో తిమింగలం కళేబరం దొరికిన ఎలుగులు సైతం దాన్ని పెద్దగా తినలేకపోయాయి, ఈదుతూ తినడం వాటికి చేతకాని పని.

ఇక సంఖ్యల సంగతి. ప్రపంచం మొత్తం మీద ధ్రువపు ఎలుగులు సుమారు 26,000 ఉంటాయని అంచనా. వాటిలో దాదాపు మూడింట రెండు వంతులు కెనడాలోనే ఉన్నాయి. శాస్త్రవేత్తలు వాటిని పందొమ్మిది, ఇటీవలి విభజనలో ఇరవై, ఉపసమూహాలుగా లెక్కిస్తారు. ఉపసమూహాలన్నిటి పరిస్థితీ ఒకటి కాదు. కొన్ని తగ్గుతున్నాయి, కొన్ని నిలకడగా ఉన్నాయి, కొన్నింటి గురించి తగిన సమాచారమే లేదు. ఒక చోట పెరిగాయన్న వార్తను పట్టుకుని అంతా బాగుందనడం, చర్చిల్‌లో తగ్గాయన్న వార్తను పట్టుకుని అన్నీ పోయాయనడం రెండూ పొరపాటే. చర్చిల్ సమూహం దక్షిణపు అంచున ఉంది కాబట్టి వేడిమి దెబ్బ దానికి ముందుగా తగులుతోంది. 1960ల చివరి నుంచి ఎడతెగకుండా పరిశీలన జరుగుతోంది కాబట్టి దాని గురించి మనకు ఎక్కువగా తెలుస్తోంది.

ఆ సమూహంలో 1980లలో దాదాపు 1,200 ఎలుగులు ఉండేవి. 2016లో విమానం నుంచి చేసిన లెక్కింపులో 842 అని తేలింది, 2021లో 618. ఐదేళ్ళలో నాలుగో వంతుకు పైగా పడిపోయాయని పత్రికలు రాశాయి. కాని ఈ రెండు సంఖ్యల వెనుక ఒక్కొక్క అంచనా పరిధి ఉంది: 2016 నాటి పరిధి 562 నుంచి 1,121 దాకా, 2021 నాటిది 385 నుంచి 852 దాకా. రెండు పరిధులూ ఒకదాని మీద ఒకటి పడుతున్నాయి. తెల్లని రాళ్ళూ, తెల్లని నురుగూ ఉన్న తీరం మీద ఎగురుతూ తెల్లని జంతువులను లెక్కబెట్టే పనిలో ఇంతకంటే కచ్చితత్వం ఆశించలేము. కేవలం ఈ రెండు లెక్కలనే పక్కపక్కన పెట్టి చూస్తే తగ్గుదల ఎంతో గట్టిగా చెప్పడం కష్టం.

ఇంకొక మెలిక కూడా ఉంది. అదే 2021లో పొరుగున ఉన్న దక్షిణ హడ్సన్ అఖాతపు సమూహాన్ని లెక్కిస్తే 1,119 వచ్చాయి. 2016లో అక్కడ 780 మాత్రమే ఉన్నాయి. పశ్చిమాన తగ్గిన ఎలుగుల్లో కొన్ని, ఆ ఏడాది మంచు కరిగిన తీరును బట్టి, దక్షిణ తీరాన గట్టెక్కి ఉండవచ్చు. ఎలుగుకు మనం గీసిన సరిహద్దు గీతతో పని లేదు. ఈ వివరాన్ని వదిలేసి 618 అనే అంకెను మాత్రమే చెప్పేవారు నిజాన్ని సగమే చెబుతున్నారు. ఈ వివరం ఒక్కటే పట్టుకుని తగ్గుదలే లేదనేవారు అంతకంటే తక్కువ చెబుతున్నారు. ఎందుకంటే తలల లెక్క మీద అనుమానం ఉన్నా, త్రాసు మీద ఉండదు. ఇక్కడి ఆడ ఎలుగుల సగటు బరువు ముప్పై ఏడేళ్ళ కాలంలో 39 కిలోలు, ఏడాది వయసు పిల్లల బరువు 26 కిలోలు తగ్గినట్టు 2025 జనవరిలో వెలువడిన అధ్యయనం చూపింది. 1980లలో ఇక్కడి పిల్లల్లో చెప్పుకోదగ్గ భాగం ఏడాదిన్నరకే తల్లిని విడిచి సొంతంగా బతకగలిగేవి. ఒకే కాన్పులో మూడు పిల్లలు పుట్టడం కూడా అరుదు కాదు. మరెక్కడా అంతగా కనిపించని ఆ రెండు విశేషాలూ ఇప్పుడు దాదాపు కనుమరుగయ్యాయి. ఊరు మారిన ఎలుగు లెక్కలో తప్పిపోవచ్చు గాని, దాని పిల్ల బక్కచిక్కడానికి వలస కారణం కాదు.

మరి ఇన్యుయిట్ ప్రజల మాట? చర్చిల్‌కు ఉత్తరాన, కెనడాలోనే నునావుట్ అనే ప్రాంతంలో ఉన్న ఆర్వియట్ వంటి గ్రామాల పెద్దలు తమ చిన్నతనంలో కంటే ఇప్పుడు ఎలుగులు ఎక్కువగా కనిపిస్తున్నాయని చెబుతారు. ఇది గాలివాటు మాట కాదు. బొచ్చు వ్యాపారం జోరుగా సాగిన కాలంలో, ఆ తరువాత 1942లో చర్చిల్ దగ్గర సైనిక స్థావరం వెలసిన కాలంలో ఎలుగులను విచ్చలవిడిగా చంపారు. తీరంలోని యార్క్ ఫ్యాక్టరీ అనే పాత వర్తక స్థావరం 1957లో మూతపడింది, సైన్యం వెళ్ళిపోయింది, వేట మీద ఆంక్షలు వచ్చాయి. 1973లో కెనడా, అమెరికా, సోవియట్ యూనియన్, నార్వే, డెన్మార్క్ దేశాలు ఓస్లోలో ధ్రువపు ఎలుగుల రక్షణ ఒప్పందం చేసుకున్నాయి. దాంతో ఎలుగులు పుంజుకున్నాయి. 1950లను గుర్తుపెట్టుకున్న వృద్ధుడికి ఇప్పుడు ఎక్కువే కనిపిస్తాయి. 1980లతో మొదలుపెట్టే శాస్త్రవేత్తకు తక్కువ కనిపిస్తాయి. కొలత మొదలైన చోటు వేరు కాబట్టి ఇద్దరి మాటా నిజమే కావచ్చు.

పైగా కనిపించడం వేరు, ఉండడం వేరు. శ్రీకాకుళం జిల్లా ఉద్దానంలో జీడితోటల్లోకీ పనసచెట్ల కిందికీ ఎలుగుబంట్లు వచ్చిన సంవత్సరాలు మన వార్తల్లో ఉన్నాయి. కొండల్లో ఎలుగులు పెరిగాయని ఎవరూ అనలేదు, కొండల్లో తిండి కరువైందనే అన్నారు. ఆకలిగొన్న జంతువు మనిషి వాసన వైపు నడుస్తుంది. అయితే ఈ వివరణను ఇన్యుయిట్ వారికి పాఠంలా అప్పజెప్పడం న్యాయం కాదు. 2018 జులైలో ఆర్వియట్ సమీపంలో తన పిల్లలను కాపాడుకోబోయిన ఒక తండ్రిని ఎలుగు చంపింది. గ్రామానికి ఎన్ని ఎలుగులను వేటాడే హక్కు ఉండాలన్న ప్రశ్న వారికి సంఖ్యాశాస్త్రం కాదు, పిల్లలు బయట ఆడుకోవచ్చా లేదా అన్న ప్రశ్న. మానిటోబాలో ధ్రువపు ఎలుగు వేట నిషిద్ధం. నునావుట్‌లో కోటా ప్రకారం అనుమతి ఉంది. రెండు చట్టాల మధ్య ఒకే ఎలుగు తిరుగుతుంది. కోటా ఎంత తగ్గించినా మంచు కాలం పెరగదు కాబట్టి, ఈ సమూహపు క్షీణతకు వేటగాళ్ళను ముద్దాయిలను చేయడం నా దృష్టిలో సులువైన తప్పించుకోలు మాత్రమే.

చర్చిల్ ఊరు తన సమస్యను పరిష్కరించుకున్న తీరు గమనించదగినది. 1970ల దాకా ఊళ్ళోకి వచ్చిన ఎలుగును కాల్చి చంపడమే పరిష్కారం. తరువాత మానిటోబా ప్రభుత్వం ధ్రువపు ఎలుగుల హెచ్చరిక పథకాన్ని నడపసాగింది. ఎలుగు కనబడిందని ఫోను రాగానే అధికారులు వాహనాల్లో వెళ్ళి మొదట చప్పుళ్ళతో, టపాకాయల తూటాలతో తరుముతారు. మొండికేసిన వాటిని సీల్ మాంసపు వాసన ఎరగా పెట్టిన పెద్ద ఇనుప తూముల్లో పట్టి, పాత సైనిక కట్టడంలో 28 గదులతో ఏర్పరిచిన నిర్బంధశాలకు తరలిస్తారు. ఊరివాళ్ళు దాన్ని ఎలుగుల జైలు అంటారు. అక్కడ వాటికి నీళ్ళు ఉంటాయి, తిండి ఉండదు. ఇది క్రూరంగా తోచవచ్చు గాని ఆలోచిస్తే అర్థముంది: ఆ కాలంలో బయట ఉన్నా ఎలుగు పస్తే ఉంటుంది, పైగా మనుషుల దగ్గర తిండి దొరుకుతుందని ఒకసారి తెలిసిన ఎలుగు మళ్ళీ వస్తుంది. కొన్ని వారాల తరువాత మత్తుమందిచ్చి, వలలో వేసి హెలికాప్టరుకు వేలాడదీసి ఊరికి దూరంగా వదిలిపెడతారు. చెత్తకుప్పలు ఎలుగులను పిలిచే విందులని గ్రహించి బహిరంగ చెత్త దిబ్బను మూసివేశారు.

ఊరివాళ్ళు ఇళ్ళకూ కార్లకూ తాళం వేయకపోవడం ఆనవాయితీ, వీధిలో ఎలుగు ఎదురైనవారు దగ్గరి తలుపు తోసుకుని లోపలికి దూరగలగాలి కదా. అక్టోబరు 31న పిల్లలు వేషాలు వేసుకుని మిఠాయిలకు ఇంటింటికీ తిరిగే రాత్రి, అధికారులూ అగ్నిమాపక సిబ్బందీ ఊరి చుట్టూ వాహనాలతో కాపలా కాస్తారు. 1983లో, కాలిపోయిన హోటలు శిథిలాల్లోంచి మాంసం తీసి జేబుల్లో పెట్టుకుని వస్తున్న ఒక వ్యక్తిని ఎలుగు చంపింది. ఆ తరువాత గాయాలయ్యాయి గాని ఊళ్ళో ప్రాణనష్టం జరగలేదు. ఎలుగులు ఒడ్డున ఉండే రోజులు పెరిగే కొద్దీ ఈ ఏర్పాటు మీద భారమూ పెరుగుతోంది. అందుకే రాత్రివేళ, మంచు తుఫానులో సైతం ఎలుగును పసిగట్టే రాడార్లను అక్కడ పరీక్షిస్తున్నారు.

పర్యాటకం గురించి ఒక మాట. కరిగిపోకముందే మంచునూ, పోకముందే ఎలుగునూ చూసి రావాలన్న తొందరకు పరిశోధకులు ఒక పేరు పెట్టారు. మన మాటల్లో దాన్ని కడసారి చూపు పర్యాటకం అనవచ్చు. ఖండాలు దాటి విమానాల్లో వచ్చే సందర్శకుడు విడిచే బొగ్గుపులుసు వాయువు ఎలుగు కాళ్ళ కింది మంచుకే చేటు చేస్తుందన్నది కాదనలేని సంగతి. కాని ఆ సందర్శకులే లేకపోతే బతికి ఉన్న ఎలుగుకు ఆ ఊళ్ళో విలువ ఏముండేదన్నది కూడా అంతే గట్టి ప్రశ్న. ఊరికి ఉన్న మరో ఆదాయ మార్గం 1931లో మొదలైన ఓడరేవు. అది వేసవి నెలల్లోనే పనిచేస్తుంది. దానికి సరుకు చేర్చే రైలుమార్గం 2017 వసంతంలో వరదలకు కొట్టుకుపోతే, మళ్ళీ రైలు నడిచేసరికి ఏడాదిన్నర పట్టింది. ఆ కాలమంతా పాలు, కూరగాయలు సైతం విమానంలో రావాల్సి వచ్చింది. ఇప్పుడు ఆ రేవును విస్తరించాలన్న చర్చ కెనడాలో నడుస్తోంది. మంచు లేని రోజులు పెరగడం ఓడలకు లాభం. ఒకే అఖాతం, ఒకే పంచాంగం. ఓడకు కలిసివచ్చిన వారమే ఎలుగుకు చెల్లిపోయిన వారం.

నవంబరులో మంచు నిలిచి మగ ఎలుగులూ, పిల్లలున్న తల్లులూ సముద్రం మీదికి వెళ్ళిపోయినప్పుడు సందర్శకులూ వెళ్ళిపోతారు, వాహనాలు షెడ్లకు చేరతాయి. గర్భిణి ఎలుగులు మాత్రం వెళ్ళవు. అవి చర్చిల్‌కు దక్షిణాన, 1996లో జాతీయ ఉద్యానంగా ప్రకటించిన వపుస్క్ ప్రాంతంలో, పీటు నేల (కుళ్ళిన మొక్కలు పేరుకున్న నేల) గట్లలో తవ్విన గుహల్లో ఉంటాయి. కెనడా ఆదివాసుల్లో ఒకరైన క్రీ ప్రజల భాషలో వపుస్క్ అంటే తెల్ల ఎలుగు. వసంతంలో జోడు కట్టినా వాటి కడుపులోని పిండం శరదృతువు దాకా పెరగడం మొదలుపెట్టదు; అప్పటికి ఒంట్లో తగినంత కొవ్వు ఉంటేనే పెరుగుతుంది. శరత్తులో సుమారు 190 కిలోలకంటే తక్కువ బరువున్న తల్లి పిల్లలను కని బతికించుకోలేదని ఇక్కడి పరిశీలనలు తెలిపాయి. కన్న తల్లి ముప్పావు కిలో కూడా తూగని పిల్లలకు ఆ కొవ్వునే పాలుగా మార్చి ఇస్తూ, ఫిబ్రవరి చివరికో మార్చిలోనో గుహ దాటి, వాటిని వెంటబెట్టుకుని తీరం దాకా నడుస్తుంది. కిందటి వేసవిలో గట్టెక్కింది మొదలు దాదాపు ఎనిమిది నెలలపాటు దానికి సీల్ దొరకదు.